సముద్రపు ఒడ్డున పిల్లల వేసవి శిబిరాలు: తొలినాటి డాక్యుమెంటరీలలో ఏవి చూపించాలి?

నేలటిక్కెట్

మిత్రులందరికీ నమస్కారం. ఒక సలహా కావాలి, కొంచెం వివరంగా రాస్తున్నాను.

మా ఊరి శాఖా గ్రంథాలయంలో మూడేళ్లుగా వేసవి సెలవుల్లో ఆదివారం పూట పిల్లలకు పాత సినిమాలు చూపిస్తున్నాను. గోడకు తెల్ల దుప్పటి, అరువు తెచ్చిన ప్రొజెక్టరు, కింద జంపఖానా. ముప్పై మంది దాకా వస్తారు. సముద్రం మాకు నాలుగు కిలోమీటర్లు. వచ్చే పిల్లల్లో సగం మంది వేటకు వెళ్లే కుటుంబాల వాళ్లే. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం కాబట్టి వాళ్ల నాన్నలు కూడా ఇళ్ల దగ్గరే ఉంటారు. ఒకరిద్దరు వచ్చి వెనుక గోడకు ఆనుకుని చూస్తూ ఉంటారు.

ఈసారి 'సముద్రం దగ్గర పిల్లలు' అన్న అంశం మీద ఒక గంట కార్యక్రమం అనుకున్నాను. 1895లో లూమియేర్ సోదరులు తీసిన సముద్ర స్నానం, 1924లో సోవియట్ దర్శకుడు జీగా వెర్తోవ్ తీసిన 'కీనో-గ్లాజ్'లో సోవియట్ పిల్లల సముద్రతీర శిబిరం ఆర్తెక్‌ను చూపించే భాగం, ఆ తర్వాత ఇటలీలోని 'కొలోనియా'ల మీద వచ్చిన వార్తాచిత్రాలు. కొలోనియా అంటే పేద పిల్లలను నెల రోజుల పాటు సముద్రపు ఒడ్డుకు తీసుకువెళ్లి ఉంచే వేసవి శిబిరం. 1920ల నుంచి వాటిని ఇస్తితుతో లూచె అనే ప్రభుత్వ చిత్ర సంస్థ వరుసగా చిత్రించింది. ఇటాలియను భాషలో 'లూచె' అంటే వెలుగు.

నా సందేహం ఈ మూడో భాగం గురించే. అది ముస్సోలినీ ప్రభుత్వపు ప్రచారం. కానీ ఆ పిల్లలు నిజమైన పిల్లలు, ఆ సముద్రం నిజమైన సముద్రం. పన్నెండేళ్ల పిల్లలకు దాన్ని చూపించవచ్చా? చూపిస్తే ఎలా?

రీలుపెట్టె

నేలటిక్కెట్ గారూ, ముందుగా ఒక సవరణ. కీనో-గ్లాజ్‌లో ఆర్తెక్ లేదు. ఆ సినిమా 1924లో విడుదలైంది, ఆర్తెక్ మొదలైంది 1925 జూన్ 16న. వెర్తోవ్ చూపించిన పయనీర్ల (సోవియట్ బాలల సంఘం పిల్లల) శిబిరం మాస్కో ప్రాంతంలోని పావ్లోవ్‌స్కోయె అనే పల్లె దగ్గరది. అందులో సముద్రం లేదు. అయినా దాన్ని వదలకండి. పిల్లల వేసవి శిబిరాన్ని అంత దగ్గరగా, అంత సేపు చూపించిన తొలి పెద్ద డాక్యుమెంటరీలలో అది ఒకటి. గుడారాలు వేయడం, జెండా ఎక్కించడం, వంట చేసుకోవడం, పల్లె జనంతో మాట్లాడటం అన్నీ ఉన్నాయి.

అందులో మీ పిల్లలకు తప్పకుండా నచ్చేది నీళ్లలోకి దూకే భాగం. దూకినవాడు నీటిలోంచి కాళ్లు ముందుగా పైకి లేచి, గాలిలో వెనక్కి తిరిగి బల్ల మీద వచ్చి నిలబడతాడు. రీలును వెనక్కి నడిపి చేసిన పని అది. అదే సినిమాలో మాంసం తిరిగి ఎద్దుగా మారుతుంది, రొట్టె తిరిగి చేలోని ధాన్యం అవుతుంది. కథ లేకుండా, నటులు లేకుండా ఉన్నది ఉన్నట్టు తీస్తానన్న మనిషి కాలాన్ని మాత్రం వెనక్కి తిప్పాడు. పిల్లలకు ఇంతకంటే మంచి సినిమా పాఠం నాకు తెలియదు.

ఇంకొక మాట. వేగం చూసుకోండి. లూమియేర్ రీలు 17 మీటర్లు, క్షణానికి సుమారు 16 బొమ్మలు, మొత్తం 50 సెకన్లు. దాన్ని 24 బొమ్మల లెక్కన నడిపితే పిల్లలు బొమ్మల్లా ఎగిరెగిరి పడతారు, అందరూ నవ్వుతారు. ఆ నవ్వు ఆ సినిమాకు అన్యాయం. అంతర్జాలంలో దొరికే ప్రతుల్లో చాలావరకు ఈ లోపం ఉంటుంది. సరైన వేగంలో ఉన్నదాన్ని వెతికి పెట్టుకోండి.

పలాస శ్యామల

చూపించండి. కానీ ఏ వ్యాఖ్యా లేకుండా మాత్రం చూపించకండి.

లూచె వార్తాచిత్రాలు మామూలు సినిమాలలాగా ఇష్టమైనవాళ్లు వెళ్లి చూసినవి కావు. 1926 నుంచి ఇటలీలోని ప్రతి సినిమా హాలూ వాటిని వేసి తీరాలని చట్టం ఉండేది. టికెట్ కొన్న ప్రతి మనిషీ అసలు సినిమాకు ముందు వాటిని చూడాల్సిందే. అదే ఏడాది పిల్లలను సైనిక పద్ధతిలో తీర్చిదిద్దడానికి బలిల్లా సంస్థను పెట్టారు. శిబిరాలు క్రమంగా ఫాసిస్టు పార్టీ సంస్థల చేతికి వెళ్లాయి. 1937లో బలిల్లాను పార్టీ యువజన విభాగంలో కలిపేశారు. ఇది తెలియకుండా చూస్తే తెల్ల టోపీలు, తెల్ల నిక్కర్లు, నవ్వు ముఖాలు, భలే ముచ్చటగా ఉందనిపిస్తుంది. ముచ్చటగా కనిపించాలనే తీశారు వాటిని.

కెమెరా ఎక్కడ ఉందో పిల్లలను గమనించమనండి. నేను చూసినవాటిలో అది ఎక్కువగా మేడ మీదో బురుజు మీదో ఉంటుంది. ఇసుక మీద వందల మంది పిల్లలు వరుసలుగా, చుక్కల్లాగా కనిపిస్తారు. ఆ చుక్కలతోనే నాయకుడి బిరుదును అక్షరాలుగా పేర్చిన సందర్భాలు ఉన్నాయి. ఏ పిల్లవాడి పేరూ మనకు తెలియదు. లూమియేర్ కెమెరా ఒడ్డు మీదే, మనిషి నిలబడే ఎత్తులో ఉంటుంది. ఈ తేడాను పన్నెండేళ్ల పిల్లలు మనకంటే త్వరగా పట్టుకుంటారు. నేను బడిలో పాఠం చెప్పే మనిషిని, అనుభవంతో చెబుతున్నాను.

వేణు, పిల్లల వైద్యుడు

శ్యామల గారు చెప్పినదాంతో నాకు పేచీ లేదు. కానీ ఈ శిబిరాలను ఫాసిస్టులు పుట్టించారన్న అభిప్రాయం ఎవరికైనా కలిగితే అది పొరపాటు. వాటి వెనుక ఒక జబ్బు ఉంది, ఆ జబ్బు గురించి చెప్పకపోతే ఈ సినిమాలు సగమే అర్థమవుతాయి.

ఆ జబ్బు గండమాల. మెడ దగ్గర గ్రంథులు వాచి, పగిలి, నెలల తరబడి రసి కారుతూ ఉండే క్షయ. ఊపిరితిత్తుల క్షయ వేరు, ఇది వేరు. క్షయ సోకిన ఆవు పాలు కాచకుండా తాగడం వల్ల కూడా పిల్లలకు వచ్చేది. ఇరుకు వీధుల్లో, ఎండ తగలని ఇళ్లలో పెరిగే పేద పిల్లల్లో ఎక్కువ. దీనికి తోడు ఎముకలు వంకరపోయే రికెట్స్. ఫ్లోరెన్సుకు చెందిన జుసెప్పె బరెల్లాయి అనే వైద్యుడు ఇలాంటి పిల్లలకు సముద్రపు గాలి, ఉప్పునీటి స్నానం మేలు చేస్తాయని ఊరూరా తిరిగి ప్రచారం చేసి, చందాలు వసూలు చేసి, 1850లలో వియరెజ్జో ఒడ్డున వాళ్ల కోసం తొలి ఆశ్రయాన్ని తెరిపించాడు. క్షయ క్రిమిని రాబర్ట్ కోఖ్ కనిపెట్టింది 1882లో. అంటే కారణం తెలియడానికి పాతికేళ్ల పైచిలుకు ముందే ఈ పని మొదలైంది.

ఎండ వైద్యానికి తర్వాత శాస్త్రం తోడైంది. చర్మపు క్షయకు కాంతి చికిత్స చేసిన నీల్స్ ఫిన్సెన్‌కు 1903లో నోబెల్ బహుమతి వచ్చింది. అదే ఏడాది స్విట్జర్లాండులోని లెజాన్‌లో ఒగుస్త్ రోలియే ఎండ చికిత్సాలయం తెరిచాడు. మొదట పాదాలకు కొన్ని నిమిషాలు, మర్నాడు మోకాళ్ల దాకా, అలా రోజురోజుకూ పెంచుకుంటూ పోయే పద్ధతి ఆయనది. మీరు వార్తాచిత్రాల్లో చూసే ఇసుక మీది వరుసలు, ఈల వేయగానే అందరూ బోర్లా తిరగడం, ఇవన్నీ ఆ ఆసుపత్రి అలవాట్ల నుంచి వచ్చినవే. తర్వాత వాటి మీద కవాతు వచ్చి కూర్చుంది.

మన దగ్గర మదనపల్లె పక్కన ఆరోగ్యవరం ఉంది కదా. అక్కడ నమ్ముకున్నది కొండ గాలిని. యూరప్‌లో కూడా ఊపిరితిత్తుల రోగులను ఎక్కువగా కొండలకు, గ్రంథులు, ఎముకల జబ్బులున్న పిల్లలను సముద్రానికి పంపేవాళ్లు. 1943లో స్ట్రెప్టోమైసిన్ దొరికాక ఈ రెండింటి అవసరమూ క్రమంగా తగ్గిపోయింది.

ఆ పిల్లలకు మేలు జరిగింది. రోజుకు మూడు పూటల తిండి, పాలు, ఎండ. వైద్యుడిగా నేను దాన్ని తీసిపారేయలేను.

పలాస శ్యామల

వేణు గారూ, మేలు జరగలేదని నేను అనలేదు. తిండి పెట్టిన చేతికి ఆ పిల్లల బొమ్మ మీద హక్కు ఉందా అన్నదే నా ప్రశ్న. గండమాలతో వచ్చిన పిల్లను బరెల్లాయి ఊరంతా ఊరేగించలేదు. బలిల్లా వాళ్లు దేశమంతా తెర మీద చూపించారు. ఆ పిల్ల తల్లిదండ్రులను ఎవరు అడిగారు?

తోరినో నుంచి సుజాత

పన్నెండేళ్లుగా ఇటలీలో ఉంటున్నాను కాబట్టి కళ్లారా చూసిన రెండు భవనాల గురించి చెబుతాను. నేలటిక్కెట్ గారికి పనికి రావచ్చు.

మొదటిది మరీనా ది మస్సాలోని బురుజు. ఫియట్ కార్ల కంపెనీ తన కార్మికుల పిల్లల కోసం 1933లో కట్టించింది, విత్తోరియో బొనాదె బొత్తీనో అనే ఇంజనీరు రూపకల్పన. యాభై మీటర్లకు పైగా ఎత్తున్న గుండ్రటి తెల్ల బురుజు, పదిహేడు అంతస్తులు. లోపల కింది నుంచి పైదాకా గోడ వెంట చుట్టలు చుట్టుకుంటూ ఒకే వాలు దారి ఉంటుంది. మంచాలు ఆ దారి వెంటే ఉండేవి, విడి గదులు లేవు. ఒకచోట నిలబడితే చాలా మంది పిల్లల మీద కన్ను వేయవచ్చు. శ్యామల గారు కెమెరా ఎక్కడుందో చూడమన్నారు కదా. నాకు ఆ భవనమే ఒక కెమెరాలాగా అనిపించింది.

రెండోది కత్తోలికాలోని 'లె నావి', అంటే ఓడలు. 1934లో క్లెమెంతె బుసిరి వీచి అనే వాస్తుశిల్పి కట్టాడు. భవనాలు నిజంగానే ఒడ్డుకు చేరిన ఓడల్లా ఉంటాయి. విదేశాల్లో స్థిరపడిన ఇటాలియన్ల పిల్లల కోసం కట్టారు. ఇప్పుడు అందులో చేపల ప్రదర్శనశాల ఉంది. మా అబ్బాయిని సొరచేపలు చూపించడానికి తీసుకువెళ్లాను. వాడు అద్దానికి ముక్కు ఆనించి చూస్తుంటే, ఒకప్పుడు ఇక్కడ బారులు తీరి నిలబడిన పిల్లలే నాకు గుర్తొచ్చారు.

యుద్ధం తర్వాత కూడా ఈ శిబిరాలు ఆగలేదు. చర్చిలు, కంపెనీలు, పురపాలక సంఘాలు నడిపాయి. మా ఇంటి యజమానురాలు ఎనభై దాటిన మనిషి. 1950లలో చిన్నప్పుడు ఆమెను ఒక శిబిరానికి పంపారట. ఆమె చెప్పిన మాట యథాతథంగా రాస్తున్నాను: "వెళ్లిన రోజు తూచారు, తిరిగి వచ్చే రోజు తూచారు. కిలోన్నర పెరిగానని మా అమ్మకు ఉత్తరం రాశారు. రాత్రుళ్లు ఏడ్చానని రాయలేదు." ఆ వెంటనే, మొదటిసారి సముద్రం చూసింది కూడా అక్కడేనని, ఆ రోజును ఈనాటికీ మరిచిపోలేదని చెప్పింది. రెండూ ఒకే గుక్కలో చెప్పింది.

భూమి అట్ట

ఆర్తెక్ మాట వచ్చింది కాబట్టి ఆగలేక రాస్తున్నాను.

మా చిన్నప్పుడు బడి పుస్తకాలకు అట్టలు వేసుకోవడానికి 'సోవియట్ భూమి' పత్రిక కాగితమే గతి. నున్నగా, మందంగా ఉండేది, వానకు తడిసినా త్వరగా చిరిగేది కాదు. నా ఆరో తరగతి లెక్కల పుస్తకం అట్ట మీద మెడలో ఎర్ర రుమాళ్లు కట్టుకున్న పిల్లలు, వాళ్ల వెనుక నీలి సముద్రం, నీళ్లు తాగడానికి వంగిన ఎలుగుబంటి లాంటి కొండ ఉండేవి. ఏడాదంతా ఆ బొమ్మ చూస్తూ లెక్కలు చేశాను. అది క్రిమియాలోని ఆర్తెక్ అని, ఆ కొండ పేరు అయూ-దాగ్ అని, దానికి అర్థం కూడా ఎలుగుబంటి కొండే అని నలభై ఏళ్లు వచ్చాక తెలిసింది.

అక్కడ కూడా మొదలు జబ్బుతోనే. రష్యా రెడ్‌క్రాస్‌కు పెద్దగా ఉన్న జినోవి సొలొవ్యోవ్ అనే వైద్యుడు బలహీనమైన పిల్లల కోసం గుడారాలు వేయించాడు. మొదటి విడతలో వచ్చింది ఎనభై మంది.

1941 వేసవి విడత గురించి ఎంత మందికి తెలుసో కానీ, అది తలుచుకుంటే నాకు గొంతు పట్టేస్తుంది. విడత మొదలు కావలసిన రోజు జూన్ 22. జర్మనీ దాడి చేసింది ఆ ఉదయమే. అప్పటికే చేరుకున్న పిల్లల్లో పడమటి రాష్ట్రాల వాళ్లు ఇంటికి వెళ్లడానికి దారి లేదు, వాళ్ల ఊళ్లు శత్రువు చేతికి చిక్కాయి. వాళ్లను వెంటబెట్టుకుని శిబిరం శిబిరమే కదిలింది. స్టాలిన్‌గ్రాడ్ వైపు వెళ్లి, అక్కడి నుంచి ఇంకా తూర్పుకు, ఆల్తాయ్ కొండల్లోని బెలొకురీఖాకు చేరింది. నెల రోజుల కోసం వచ్చిన పిల్లలకు ఆ విడత 1301 రోజులు సాగింది. అంటే 1945 జనవరి దాకా. సముద్రం కోసం వచ్చినవాళ్లు మంచులో పెరిగి పెద్దవాళ్లయ్యారు.

రీలుపెట్టె

భూమి అట్ట గారూ, మీ ఎర్ర రుమాలు మాట చదివాక ఒక సంగతి గుర్తొచ్చింది. 1920ల తొలి భాగంలో ఎక్కువగా వాడినది ఆర్థోక్రొమాటిక్ ఫిల్ము. దానికి నీలం బాగా పడుతుంది, ఎరుపు పట్టదు. అందుకే ఆకాశం తెల్లగా వెలవెలబోతుంది, ఎండకు కందిన ఒళ్లు ఇంకా ముదురుగా కనిపిస్తుంది, ఎర్ర రుమాలు నల్లగా పడుతుంది. ఎరుపే ప్రాణమైన ఒక ఉద్యమం తెర మీద నలుపు కట్టుకుని కనిపించేది. నేలటిక్కెట్ గారూ, చూపించే ముందు ఈ ముక్క చెప్పండి. పిల్లలు ఆ నలుపులో ఎరుపును తమకు తామే చూసుకుంటారు.

సుజాత గారు యుద్ధం తర్వాతి శిబిరాల మాట ఎత్తారు. ఇటలీ దర్శకుడు ఎర్మాన్నో ఒల్మి తొలి డాక్యుమెంటరీ అలాంటిదే. విద్యుత్ కంపెనీలో ఉద్యోగం చేస్తూ, దాని చిత్ర విభాగం తరఫున 1953లో తీశాడు. దక్షిణాన ఉన్న కలాబ్రియా నుంచి మజ్జోరె సరస్సు ఒడ్డున ఉన్న సూనాకు వచ్చిన పిల్లల మీద తీసిన చిన్న చిత్రం. సముద్రం కాదు, సరస్సే. అయినా ఇరవై రెండేళ్ల కుర్రవాడు సినిమా మొదలుపెట్టింది శిబిరంలోని పేద పిల్లలతో అన్నది గుర్తుంచుకోదగ్గ విషయం. పాతికేళ్ల తర్వాత ఆయనే పల్లె రైతు కుటుంబాల మీద తీసిన సినిమాకు కాన్‌లో చిత్రోత్సవపు అత్యున్నత బహుమతి అందుకున్నాడు. అందులోని పిల్లలను చూసినవాళ్లకు ఆ తొలి చూపు ఎక్కడిదో అర్థమవుతుంది.

సముద్రతీరపు డాక్యుమెంటరీల్లో ఇంకో బంధుత్వం కూడా ఉంది. 1930లో ఫ్రెంచి దర్శకుడు జఁ విగో నీస్ నగరపు ఒడ్డు మీద తీసిన చిత్రానికి ఛాయాగ్రాహకుడు బొరిస్ కౌఫ్‌మన్, వెర్తోవ్‌కు తోడబుట్టినవాడు. పావ్లోవ్‌స్కోయెలో ఒక అన్న పయనీర్లను తీస్తే, నీస్‌లో తమ్ముడు ఎండ కాచుకునే ధనవంతులను తీశాడు.

చీరాల కెరటం

పెద్దలందరూ చాలా విషయాలు చెప్పారు. నాకు తెలిసింది తక్కువ. ఒకటే అడుగుతాను. ఆ దేశాల పిల్లలకు సముద్రం చూడటం పండగ. నేలటిక్కెట్ గారి దగ్గరకు వచ్చే పిల్లలకు అది నాన్న వెళ్లే పని చోటు. వాళ్లు వీటిని ఎలా చూస్తారు?

నేలటిక్కెట్

కెరటం గారూ, నిన్ననే ప్రదర్శన అయింది. మీ ప్రశ్నకు జవాబు వాళ్ల దగ్గరే దొరికింది, అందుకే వివరంగా రాస్తున్నాను.

ముందుగా లూమియేర్. ఫ్రాన్సులోని లా సియొటాలో వాళ్ల కుటుంబానికి సొంత భవనం ఉన్న ఒడ్డు. సన్నటి బల్ల మీద పిల్లలు ఒకరి వెనుక ఒకరు పరుగెత్తి అలల్లోకి దూకుతారు, తడబడుతూ గట్టెక్కి మళ్లీ పరుగెత్తుతారు. 1895 డిసెంబరు 28న పారిస్‌లో లూమియేర్ సోదరులు జరిపిన తమ తొలి టికెట్ ప్రదర్శనలో ఇది కూడా ఉందని చెప్పాను. యాభై సెకన్లే కదా, నాలుగుసార్లు వేయించుకున్నారు. వెనుక నిలబడిన ఒక తండ్రి, "బల్ల సరిగ్గా కెరటం విరిగే చోట వేశారు, అది తెలిసినవాళ్ల పని" అన్నాడు. నేను ఈ సినిమాను ఎన్నిసార్లు చూశానో లెక్క లేదు, ఆ బల్ల ఎక్కడ వేశారో ఒక్కసారి కూడా ఆలోచించలేదు.

కీనో-గ్లాజ్‌లో దూకే భాగానికి రీలుపెట్టె గారు చెప్పినట్టే అయింది. నల్ల రుమాలు అసలు ఎర్రదని చెప్పాక, ఎవరి మెడలో ఉంది, ఎవరి మెడలో లేదు అని వెతకడం మొదలుపెట్టారు.

తర్వాత లూచె. మూకీ కాలపు ముక్క ఒకటి, రెండు నిమిషాలది. వేణు గారు చెప్పిన గండమాల కథ, శ్యామల గారు చెప్పిన చట్టం సంగతి రెండూ ముందే చెప్పాను. ఇసుక మీద వరుసలు. అందరూ వెల్లకిలా ఉన్నారు. ఒక్కసారిగా అందరూ బోర్లా తిరిగారు. హాల్లో ఎవరూ మాట్లాడలేదు. తొమ్మిదేళ్ల పాప ఒకతె లేచి, "తాతగారూ, తిరగమని వాళ్లకు ఎవరు చెప్పారు? ఎవరూ కనబడరే?" అని అడిగింది.

ఈల వేసి ఉంటారు, మూకీ సినిమా కాబట్టి వినపడదు అన్నాను. అయితే ఈల వేసిన మనిషి ఎందుకు కనబడడని మళ్లీ అడిగింది. మళ్లీ వేసి చూశాం. నిజమే, ఆ మనిషి ఎక్కడా లేడు.

పలాస శ్యామల

నేలటిక్కెట్ గారూ, ఆ పాపకు నా తరఫున ఒక మంచి పుస్తకం కొని ఇవ్వండి. డబ్బు పంపిస్తాను.

వేణు, పిల్లల వైద్యుడు

శ్యామల గారూ, మీరు ముందు అడిగిన ప్రశ్నకు జవాబు ఇవ్వకుండా దాటేశాను. తల్లిదండ్రులను ఎవరూ అడిగి ఉండరు. మా ఆసుపత్రుల్లో కూడా పిల్లల ఫొటోలు తీసి గోడలకు పెట్టేవాళ్లం, చాలా కాలం మేమూ అడగలేదు. ఇప్పుడు అడుగుతున్నాం.

తోరినో నుంచి సుజాత

ఆ పాప ప్రశ్నను మా యజమానురాలికి ఇటాలియనులో చెప్పాను. కాసేపు ఆలోచించి, ఈల వేసే ఆవిడ ఎప్పుడూ తమ వెనుకే నిలబడేదని చెప్పింది. ఎండకు తలలు అటు తిప్పనిచ్చేవాళ్లు కాదట, అందుకే ఆమె ముఖం గుర్తు లేదంది. ఈల చప్పుడు మాత్రం నాకు నోటితో చేసి వినిపించింది.

నేలటిక్కెట్

సుజాత గారూ, వీలైతే ఆ చప్పుడును ఫోనులో రికార్డు చేసి పంపగలరా? వచ్చే ఆదివారం అదే ముక్కను మళ్లీ వేయమని పిల్లలు అడిగారు. ఆ తండ్రి తన వలల జట్టు వాళ్లను ఇద్దరిని కూడా తీసుకువస్తానన్నాడు, లా సియొటా బల్ల చూపించడానికి.